మచ్చ లేని చెయ్యి

లింగంపేట,
1940 మార్చి 9.

టీకాల శాఖ జిల్లా అధికారి గారి సముఖమునకు, ఎల్లారెడ్డి తాలూకా లింగంపేట శివారు పల్లె కాపురస్తుడు స్వామిదాసు వ్రాసుకొన్న అర్జీ.

విషయం: టీకాల ఉద్యోగ నియామకముపై నేను వేసిన దావా మానుకొనుట, మా పల్లెకు టీకాలు వేయగల వారిని పంపుట గురించి.

అయ్యా,

1. మూడేండ్ల క్రిందట కామారెడ్డిలో టీకాల ఉద్యోగమునకు పరీక్ష జరిగినది. ఆరుగురము కూర్చున్నాము. కచేరీ తలుపుకు అంటించిన జాబితాలో నా పేరు మొదట ఉన్నది. నాలుగో రోజు ఆ జాబితా లేదు. పరీక్షకే రాని పర్శరాములు గారికి ఉద్యోగము ఇచ్చినారు. ఆయన కచేరీ గుమాస్తా గారి బావమరిది.

2. కచేరీలో ఫిర్యాదు ఇస్తే అదాలతుకు పొమ్మన్నారు. అదాలతులో ముందు కచేరీ జవాబు తెమ్మన్నారు. ఏడాది గడిచిన పిమ్మట నా దావా తీసుకున్నారు.

3. నిరుడు ఎండాకాలములో దావా విచారణకు పెట్టిన పేషీలో, పర్శరాములు గారు పని సక్రమముగా చేయుచున్నారని చూపుటకు వారి రిజిస్టరు తెచ్చినారు. మా పల్లెలో నలభై ముగ్గురు పిల్లలకు టీకాలు వేసినట్లు అందులో ఉన్నది. ఆయన మా పల్లె ముఖమే చూడలేదు. పదకొండో పేరు నా బిడ్డ రూతవ్వది, వయస్సు ఐదు. దాని చేతిమీద టీకా మచ్చ లేదు.

నా వకీలు గారు సంతోషపడ్డారు. "స్వామిదాసూ, గీ పిల్ల చెయ్యే మన సాక్ష్యం. జడ్జి ముంగట నిలబెడదాం. అప్పటిదాక ఏడ టీకా ఏపియ్యకు" అన్నారు.

ఇంటికి వచ్చి చెప్పితే నా భార్య సాలవ్వ ఒప్పుకోలేదు.

"కోర్టు ముచ్చట కోర్టుల ఉండనియ్యి. పిల్లను ఎల్లారెడ్డి దవాఖానకు తోల్కపోదాం పా."

"గీ ఒక్క పేషీ కానియ్యి. తర్వాత నేనే ఎత్తుకపోత" అన్నాను.

4. ఆ పేషీనాడు జడ్జి గారు సెలవులో ఉన్నారు. తరువాతి పేషీకి రిజిస్టరు రాలేదు. ఆ తరువాత గుమాస్తా గారికి జ్వరము. నాలుగోది కూడా వాయిదా పడినది. నాలుగుసార్లు సాలవ్వ బిడ్డకు తల దువ్వి పంపినది. నాలుగుసార్లు రూతవ్వ అదాలతు వరండాలో పేలాలు తిని తిరిగి వచ్చినది. "బాపూ, నా చెయ్యి ఎప్పుడు సూస్తరు?" అని బండిలో అడిగేది.

5. గడచిన జనవరిలో మా పల్లెకు మశూచి వచ్చినది. ఎల్లారెడ్డికి ఉరికినాను. దవాఖానలో టీకా మందు అయిపోయినదన్నారు. పర్శరాములు గారి కాళ్లు పట్టుకున్నాను.

"నాకు పని రాదన్నా. మా బావ పెట్టిచ్చిండు. సూది ఎట్ల పట్టాల్నో గూడ నాకు తెల్వదు" అని ఆయన ఏడ్చినారు.

"మందు నాకియ్యి, నేనేస్త. సంతకం నువ్వే పెట్టుకో" అన్నాను.

మందు పెట్టె తాళపుచెవి గుమాస్తా గారి వద్ద ఉన్నది. గుమాస్తా గారు ఊరిలో లేరు. నేను తిరిగి వచ్చేసరికి రూతవ్వకు ఒళ్లు కాలుతున్నది. తొమ్మిదో రోజు పోయింది. సాలవ్వ దాని దువ్వెన కొంగున ముడివేసుకున్నది. ఇప్పటికీ విప్పలేదు.

6. ఈ నెల పదహారున మళ్లీ పేషీ ఉన్నది. నేను పోను. ఉద్యోగము పర్శరాములు గారికే ఉండనీయండి. ఆయనపై కోపము కూడా మిగలలేదు. వకీలు మాట విన్నది నేను. ఆ తప్పు ఏ కచేరీలో చెప్పుకోవాలో నాకు తెలియదు.

రిజిస్టరులోని నలభై ముగ్గురిలో నేటికి ముప్పై ఎనిమిది మంది ఉన్నారు. ఎవరికీ టీకా లేదు. వేయడము వచ్చిన మనిషిని ఎవరినైనా పంపవలెను. మూడేండ్లలో నేను పెట్టుకున్న అర్జీలలో దేనికీ జవాబు రాలేదు. దీనికి జవాబు అక్కరలేదు, మనిషి వస్తే చాలు. ఇంతమాత్రము దయతో చిత్తగించవలెను.

తమ విధేయుడు,
స్వామిదాసు

మరొక విన్నపము: వచ్చేవారు మా ఇంటికి రానక్కరలేదు. మా ఇంట్లో పిల్లలు లేరు. మా పొరుగున ఉన్న బీరయ్య ఇంటినుండి మొదలు పెట్టమనండి. అక్కడ చంటిబిడ్డ ఉన్నది.