ఏమీ తెలియనట్టు వచ్చిన డిటెక్టివ్

శనివారం, రాత్రి ఎనిమిదిన్నర, బరంపురం

నన్ను నేనే అడుగుతున్నాను: దొంగెవరో ముందే తేల్చుకున్నవాడివి, ఇక ప్రశ్నలెందుకయ్యా నీకు?

ఇరవై ఏళ్లుగా మా తెలుగు నాటక సమాజంలో పేరుమోసిన డిటెక్టివ్ వేషం నాదే. రంగం మీదికి రాగానే వేలెత్తి, నేను చెప్పే ప్రవచనాల్లో లాగే గర్జిస్తాను. చప్పట్లు పడతాయి. ఈ మధ్యాహ్నం ఛత్రపూర్‌లో అదే వేషం గిరిసోల ఊరి నుంచి వచ్చిన పాపారావు వేశాడు. గొంతు పెంచలేదు. పనిమనిషిని ఒక్క మాట అడిగి, పక్కనే చతికిలబడి, ఆమె నోరు విప్పేదాకా ఆగాడు. హాలంతా ఊపిరి బిగబట్టి చూసింది.

తెర దించాక, అదెలా అబ్బిందని అడిగాను. నవ్వాడు.

"ఏటుంది గురువుగారూ! మీరు దొంగెవులో ఎరిగున్నోరిలాగ వస్తారు. నాను ఏటీ తెలీనోడిలాగ వస్తాను. అంతే."

బస్సులో దారంతా అదే ఆలోచన. వినయంగా అడిగి తెలుసుకోమని నేను ప్రవచనం చెప్పే గ్రంథంలోనే ఉంది, వందసార్లు బోధించాను. మరి పక్క వీధి సూరమ్మను అడిగానా? రోజూ హారతికి ముందే లేచి వెళ్లిపోతోందని నా సత్సంగంలో అందరి ముందూ నిలబెట్టి, "దేవుడి కన్నా పెద్ద పనేటే నీకు?" అని ఉరిమాను. ఆమె ఏదో చెప్పబోయింది. నేను శ్లోకం అందుకున్నాను. అప్పటి నుంచి రావడం లేదు. ఇంతకీ ఆ పనేమిటి? ఇంట్లో ఎవరికైనా మందు వేసే వేళేమో... చూశావా, మళ్లీ నువ్వే తేల్చేస్తున్నావు!

కిటికీలోంచి చూస్తే సూరమ్మ వాళ్లింట్లో లైటు ఇంకా వెలుగుతోంది. డైరీ మూసి లే. ఈ పూటే వెళ్లి ఒక్క మాట అడుగు, ఆమె చెప్పేదాకా కూర్చో.