న్యూరోరఫీ అంటే అతుకు

ధర్మవరం, 1982, వేసవి రాత్రి

డాక్టరూ, నువ్వు మాటలు దాచుకునే దొంగవి! గాజుపెంకు కోసుకుని మణికట్టు దగ్గర నరం తెగిన నా తమ్ముడితో "న్యూరోరఫీ చేయాలి, సంతకం పెట్టు" అన్నావంతే. వాడు నా వైపు తిరిగాడు.

"చెయ్యి తీసేస్తారేమోన్నా?"

నేను గొంతు చించుకున్నాకే చెప్పావు, తెగిన నరం కొసలు కలిపి కుట్టడమేనని.

వాడు ఒకటే నవ్వు. "పోగు అతికేదే కదప్పా! దానికింత పేరా? అయితే రేపే మగ్గంలో కూర్చుంటా."

పిచ్చోడు. అతికిన పోగుతో మగ్గం వెంటనే ఆడుతుంది. అతికిన నరం మాత్రం మెల్లగా పెరగాలట, స్పర్శ పూర్తిగా రాకపోవచ్చట. సాయంత్రం కుట్లు పడ్డాయి. స్పర్శ సంగతి వాడికెవరు చెప్తారు? నేనే చెప్పాలేమో...

నా డిమాండ్లు:
సంతకానికి ముందు అర్థం చెప్పాలి.
కట్టు విప్పేటప్పుడు నన్ను పక్కన ఉండనివ్వాలి.
పట్టుపోగు తగిలితే వాడి వేళ్లకు తెలియాలి.