పోశవ్వ బర్రె కడుపులో నా సంచులు

మంగళవారం, జూన్ 1995

బస్టాండు దగ్గర నా మిర్చిబండి వెనకాలే పోశవ్వ తన బర్రెను కట్టేస్తుంది. నాలుగు రోజులుగా అది గడ్డి ముట్టడం లేదని ఆమె ఏడుస్తుంటే, పొద్దున నేనే వెళ్లి పశువుల డాక్టరును తీసుకొచ్చాను. ఆయన మత్తుమందిచ్చి, డొక్క కోసి, ప్లాస్టిక్ సంచులు ముద్దలు ముద్దలుగా బయటికి లాగి, కుట్లు వేశాడు. చాలావాటి మీద నీలి గీతలున్నాయి. ఆ చుట్టుపక్కల అలాంటి సంచుల్లో బజ్జీలు కట్టిచ్చేది నేనొక్కణ్ణే.

"గివన్ని ఏడ తిన్నదో నా తల్లి," అంది పోశవ్వ.

ఊరుకుంటే ఎవరూ అడిగేవారు కాదు. కానీ ఊరుకోలేకపోయాను.

"నా బండివే, పోశవ్వా."

ఆమె బర్రె మెడ నిమిరింది. "నువ్వు మోదుగాకుల్ల కట్టిచ్చినప్పుడు గూడ గా ఆకులు తినేది బిడ్డా. అప్పుడు దానికేం కాలే," అంది. తిట్టినా బాగుండేది.

సాయంత్రం బజ్జీలు కాగితాల్లో కట్టాను. బట్టలకు నూనె అంటుతుందని బస్సెక్కేవాళ్లు కొందరు నల్ల సంచుల్లో కట్టిచ్చే పక్క బండికి పోయారు. సంచులు మొదలుపెట్టినప్పుడు, ఆకులు తెచ్చే ఇబ్రహీంపూర్ మల్లయ్యను రావద్దన్నది నేనే. ఇప్పుడు ఏ మొహంతో అడగాలి...

బండి కట్టేసే వేళకు బర్రె రెండు గడ్డిపరకలు కొరికింది. పోశవ్వ దాని చుట్టూ పడి ఉన్న సంచులు ఏరుతోంది. నేనూ వంగి ఏరాను. మేము ఏరుతుండగానే కొన్ని గాలికి లేచి రోడ్డు దాటిపోయాయి.