ఒక పక్కకు ఒరిగిన బిస్కెట్లు

బేకర్స్ రిడ్జ్, టెన్నెసీ
2003 నవంబరు 9, ఆదివారం

చెల్లెలు నేడీన్‌కు,

అక్క వెల్డా దీవెనలు. మేమిక్కడ క్షేమం, నువ్వక్కడ క్షేమమని తలుస్తాను అని రాయాలి కాబట్టి రాశాను. రెండు ముక్కల్లో ఏదీ నిజం కాదని నా అనుమానం. మూడేళ్ళ తర్వాత ఉత్తరం వచ్చింది గదా, అక్క క్షమించేసిందనుకోకు. అమ్మ సమాధి మీద మట్టి ఆరకముందే చర్చి భోజనాల బల్ల మీద కొన్న బిస్కెట్లు పెట్టినదానివి నువ్వు. అట్ట గొట్టాన్ని బల్లకేసి కొడితే టప్పున పగిలి పిండి ముద్దలు బయటపడతాయే, అవి! నలభై ఏళ్ళు తెల్లవారకముందే లేచి మనకు బన్నుల్లా మెత్తగా పొంగే బిస్కెట్లు కాల్చిపెట్టిన మనిషి చావు భోజనంలో! ఆ రోజు నేనన్న మాట పదిమందిలో అన్నాను, ఇప్పుడు అనమన్నా అంటాను. నువ్వు పళ్ళెం అక్కడే వదిలేసి కారెక్కి వెళ్ళిపోయావు. సరే, అది కాదు ఇప్పటి సంగతి.

ఒక్క ప్రశ్న అడగాలని రాస్తున్నాను. నా ఫ్రీజర్లో నీ బిస్కెట్లు ఎందుకున్నాయి?

మొదటినుంచీ చెప్తాను. ఏమీ తెలియనట్టు నటించే వీలు నీకు ఇవ్వను.

సెప్టెంబరు పదకొండున నాకు ఆపరేషన్ అయింది. కుడి రొమ్ములో గడ్డ. నీకు చెప్పలేదు. చెబుదామని నా నోరు రెండుసార్లు ఫోను దాకా వెళ్ళింది, నా చెయ్యి వెళ్ళలేదు. ఆపరేషన్ తర్వాత మూడు నెలలు కుడి చెయ్యి పైకెత్తకూడదు, బరువు పట్టకూడదు, పిండి మాటే ఎత్తకూడదు అన్నాడు డాక్టరు. హోబర్ట్ సంగతి నీకు తెలియనిదేముంది? క్వారీలో సున్నపురాయి లారీ తోలడానికి నాలుగున్నరకల్లా ఇల్లు దాటాలి. పెళ్ళయినప్పటినుంచీ నా చేతి బిస్కెట్లు రెండు, మధ్యలో గుడ్డూ సాసేజ్ బిళ్ళా చీజు ముక్కా పెట్టి చుట్టిస్తే లారీలో తింటాడు. తనకై తాను గుడ్డు ఉడకబెట్టుకోవడం కూడా రాని మనిషి.

అందుకని ఆపరేషన్‌కు ముందు శనివారం పొద్దున్నించీ నిలబడి అరవై చేశాను. మైదాలో చల్లటి వెన్న తురిమి, మజ్జిగ పోసి, మడతలు వేసి, అమ్మ డబ్బా అచ్చుతో కోశాను. గుడ్లన్నీ గిలకొట్టి పెద్ద పళ్ళెంలో పోసి ఓవెన్‌లో పెట్టి, గట్టిపడ్డాక అదే అచ్చుతో గుండ్రంగా కోశాను. ఒక్కొక్క బిస్కెట్టూ పూర్తిగా చల్లారిందాకా ఆగాను. వెచ్చగా చుడితే లోపల నీరు పట్టి, కరిగించినప్పుడు గుజ్జుగుజ్జుగా అయిపోతుంది. కాగితం, దానిపైన అల్యూమినియం రేకు, రేకు మీద నల్ల సిరాతో తేదీ. సెప్టెంబరు ఆరు. తడి కాగితంలో చుట్టి మైక్రోవేవ్‌లో నిమిషంన్నర పెట్టమని తలుపు మీద చీటీ కూడా అంటించాను. రోజుకు రెండు, వారానికి పది. ఆరు వారాలు వస్తాయి, తర్వాతి సంగతి తర్వాత అనుకున్నాను. అక్టోబరు ఇరవై దాటితే ఖాళీ అవ్వాలి.

మొన్న శుక్రవారం, నవంబరు ఏడున చూశాను. ఫ్రీజర్లో ఇరవై రెండు ఉన్నాయి.

నేను మొదట సంతోషించాను, పిచ్చిదాన్ని. పొదుపుగా తింటున్నాడనుకున్నాను. తర్వాత ఆలోచించాను. హోబర్ట్ దేంట్లోనూ పొదుపు తెలియనివాడు. అంటే నావి తినడం లేదు. ఇంకెక్కడో తింటున్నాడు. ఎవరు పెడుతున్నారు? నా కళ్ళ ముందు మొదట కదిలింది పెట్రోలు బంకులో కౌంటరు దగ్గర కూర్చునే టానీ. ముప్పై ఏళ్ళది, గోళ్ళకు ఊదా రంగు, వచ్చినవాణ్ణల్లా బంగారం అంటుంది. బంకులో తింటున్నావా అని హోబర్ట్‌ని అడిగాను. ఛ, అక్కడి కాఫీ కుక్క కూడా తాగదు అన్నాడు. నేను అడిగింది కాఫీ గురించి కాదుగా! అప్పుడే నా అనుమానం గట్టిపడింది.

ఒంటి చేత్తో కారు తోలుకుంటూ బంకుకు వెళ్ళాను. డాక్టరుకు చెప్పకు. టానీ నన్ను చూడగానే, ఆంటీ, చెయ్యి ఎలా ఉంది, హోబర్ట్ అంకుల్ ఈ మధ్య కనబడ్డమే మానేశాడే, అలిగాడా ఏంటి అంది. ఆమె బిస్కెట్టొకటి కొని కార్లో కూర్చుని విప్పి చూశాను. నలుచదరం. కత్తితో కోసింది. ఉప్పు ఎక్కువ. పాపం టానీ, అది కాదు.

మరునాడు శనివారం. హోబర్ట్ చేపలకని వెళ్ళాడు. ఆపరేషన్ అయినప్పటినుంచీ ప్రతి శనివారం చేపలే. ఒక్క చేప తెచ్చింది లేదు. ఏమయ్యా, చేపలన్నీ నీ పేరు చెబితే పారిపోతున్నాయా అంటే, నీళ్ళు చల్లబడ్డాయే, లోతుకు పోయాయి అంటాడు. ఆ రోజు తిరిగొచ్చినప్పుడు చెవి వెనక తెల్లగా ఉంది. ఏమిటది అన్నాను. క్వారీ దుమ్ము, నాకు కొత్తా అన్నాడు. నిజమే, పెళ్ళినాటినుంచీ ఆ మనిషిని తెల్లగానే చూస్తున్నాను, దిండు గలేబులు కూడా తెల్లబడిపోతాయి. కానీ శనివారం క్వారీ మూసే ఉంటుందిగా! మెడ దులుపుతున్నట్టు నటించి వేలికి కాస్త అంటించుకుని వంటింట్లోకి వచ్చి నాలుక మీద పెట్టుకున్నాను. రాయి కాదు. పిండి.

నేడీన్, మైదా పిండి!

అప్పుడు ఫ్రీజర్ తెరిచి ఒకటి బయటికి తీశాను. నా తేదీయే ఉంది, సెప్టెంబరు ఆరు. కానీ ఆరు అంకె నేను వేసినట్టు లేదు. నేను రేకును కవరులా మడుస్తాను, ఇది చాక్లెట్టు కాగితంలా రెండు కొనలూ మెలిపెట్టి ఉంది. విప్పాను. బిస్కెట్టు ఒక పక్కకు ఒరిగి ఉంది. ఇంకోటి విప్పాను. అదీ ఒరిగింది. ఇరవై రెండూ విప్పాను. ఆదివారం చర్చిలో కునుకు తీసే ముసలాళ్ళలా అన్నీ ఒకే పక్కకు!

అచ్చును నిటారుగా దించి నిటారుగా తీస్తే బిస్కెట్టు నిటారుగా పొంగుతుంది. మెలి తిప్పితే అంచు మూసుకుపోయి ఒరిగిపోతుంది. ఈ లోకంలో అచ్చు మెలి తిప్పేదానివి నువ్వొక్కదానివే. పదేళ్ళప్పుడు అమ్మ నీ మణికట్టు మీద గరిటెతో ఒకటిచ్చింది గుర్తుందా? తిప్పకే, దానికి మెడ నొప్పొస్తుంది అనేది. నువ్వు ఏడ్చి, మళ్ళీ తిప్పేదానివి. ఇంకా అనుమానం ఉంటే తీరాలని ఒకటి వేడి చేసుకుని కొరికాను. పైన పంది కొవ్వు రుచి తగిలింది. ఓవెన్‌లో పెట్టేముందు ప్రతి బిస్కెట్టు తలనూ కరిగిన కొవ్వులో ముంచేది అమ్మ. అది తెలిసినవాళ్ళిద్దరం. నేను చెయ్యలేదు. ఇక మిగిలింది ఎవరు?

కాబట్టి శనివారాల చేపలు మీ ఇంట్లో పడుతున్నాడన్నమాట. గుట్ట దాటితే ఇరవై నిమిషాలు. బావా రా, బావా కూర్చో, బావా తిను. నీ మొగుడు వదిలేసి ఆరేళ్ళయింది, ఇల్లు బోసిగా ఉంటుంది, నాకు తెలియదా? నేను నిన్ను అంత మాట అనడం లేదు. అంటున్నానేమో. నాకే తెలియడం లేదు. నాకు గడ్డ అని తెలిసీ ఒక్కసారి గడప తొక్కలేదు గానీ, నా మొగుడికి నా ఫ్రీజరు నింపి పంపావా? నా తేదీ వేసి? అక్క ఎలాగూ పోతుంది గదా అని, ఇప్పటినుంచే ఆయనకు నీ చేతి తిండి అలవాటు చేద్దామనుకున్నావా? అంత తొందరేమిటే మీ ఇద్దరికీ? గురువారం స్కాన్ రిపోర్టు వస్తుంది. గడ్డ మొత్తం పోయిందో, ఇంకెక్కడికైనా పాకిందో ఆ రోజు చెప్తారు. కనీసం గురువారం దాకా ఆగలేకపోయారా?

హోబర్ట్‌ని ఇంకా ఏమీ అడగలేదు. ముందు నీ దగ్గరినుంచి రాతపూర్వకంగా కావాలి. అబద్ధం రాస్తే నీ అక్షరాలు కూడా ఒక పక్కకు ఒరుగుతాయి, నేను కనిపెడతాను.

ఇంకా బతికే ఉన్న నీ అక్క,
వెల్డా

తా.క. సోమవారం. కవరు అంటించేశాను. ఆవిరి పట్టించి ఊడదీసి ఇది రాస్తున్నాను.

నిన్న సాయంత్రం చెయ్యి వాచి సలుపుతుంటే ఐసు కోసం వెనక షెడ్డుకు వెళ్ళాను, హోబర్ట్ జింక మాంసం పెట్టుకునే పాత ఫ్రీజర్ దగ్గరికి. మాంసం పొట్లాల కింద ఒక దిండు గలేబు, మూతికి తాడు కట్టి. నా గలేబే. విప్పాను. నావి. కవరు మడత రేకులు, నా ఆరు అంకె, ఒక్కటీ ఒరగకుండా. అరవైలో యాభై ఆరు.

హోబర్ట్‌ని షెడ్డుకే పిలిచి అడిగాను. బక్కెట్టు బోర్లించి దాని మీద కూర్చున్నాడు. మొదటి రెండు రోజులూ తిన్నానే అన్నాడు. మూడో రోజు చెయ్యి పెట్టబోతే, ఇవి అయిపోతే మళ్ళీ ఉంటాయో ఉండవో అనిపించింది, ఇక ముద్ద దిగలేదు అన్నాడు. అందుకని వాటిని షెడ్డులో దాచేసి, మీ ఇంటికొచ్చి నేర్పమని అడిగాడట. నువ్వు తలుపు దగ్గరే ఏడ్చావట. అక్క దగ్గరికి ఇప్పుడే వస్తానని కారు తాళాలు తీసుకున్నావట. వద్దు, ముందు రిపోర్టు రానీ, నిన్ను చూస్తే పోట్లాటకు లేస్తుంది, కుట్లు తెగుతాయి అని ఆయనే ఆపాడట. ఆ ఇరవై రెండూ, అంతకుముందు తిన్నవీ, అన్నీ ఆయన చేతివే. ఖాళీ అవుతున్నట్టు కనిపించాలని తగ్గించుకుంటూ రావాలిగా, ఆ లెక్క మాత్రం తప్పాడు. వారం వారం మోజుకొద్దీ ఎక్కువ చేసేశాడు.

పైన రాసినదంతా కొట్టేద్దామనుకున్నాను. కొట్టెయ్యను. నువ్వు చదవాలి, వచ్చి నన్ను తిట్టాలి. కొన్న బిస్కెట్ల సంగతి కూడా ఆయన చెప్పాడు. మూడు రోజులు అమ్మ మంచం పక్కన నిలబడ్డదానివి, పిండి కలుపుదామంటే చేతులు వణికి పిండంతా నేలపాలయిందట. నాకెందుకు చెప్పలేదే? నేను అడగలేదు, అవును.

గురువారం పొద్దున ఎనిమిదింటికి బయల్దేరతాం. ఏడింటికి రా. అచ్చు తిప్పకుండా కొయ్యడం మీ ఇద్దరికీ నేనే నేర్పుతాను, రిపోర్టు ఏమైనా రానీ. ఇవాళ పొద్దున నావి రెండు వేడి చేసి ఆయన చేతిలో పెట్టి, తిను, అయిపోతే మళ్ళీ చేస్తాను అన్నాను. తింటాను అన్నాడు. ఆయన వెళ్ళాక షెడ్డుకు వెళ్ళి లెక్కపెట్టాను. యాభై నాలుగు ఉండాలి. యాభై ఆరు ఉన్నాయి.