మన కెటిల్ పంపించు

చెరెపోవెత్స్
ఫిబ్రవరి 10, 1984

ప్రియమైన గ్లెబ్‌కి,

నువ్వు లెనిన్‌గ్రాడ్ చేరావని మీ డ్రమ్ముల ల్యోవా వాళ్ళమ్మ చెప్పింది. నీ కోపం తగ్గిందో లేదో ఆవిడకు తెలియదట. మూడో పాట మధ్యలో ఆ ఈల పడకపోతే టేపు ఎంత బాగుండేదో నాకూ తెలుసు. మీరు గదిలో రికార్డు చేస్తున్నారు, నేను వంటింట్లో ఉన్నాను, పొయ్యి మీద కెటిల్ ఉంది. నీళ్ళు మరిగితే కెటిళ్ళు ఈల వేస్తాయి కదా. ఇంకో టేపు దొరికే దారి లేదు. ఆ టేపు విని రాక్ క్లబ్బు వాళ్ళు కాదంటే నువ్వు మళ్ళీ ఉక్కు ఫ్యాక్టరీకి పోవాలి. ఆ పాపం నాదే అవుతుంది.

అత్తయ్య బాగుంది. నిన్న కుళాయి బాగుచేయడానికి వచ్చినతను ఈల వేస్తే గరిటె పట్టుకుని తరిమింది. ఇంట్లో ఈల వేస్తే ఇల్లు గుల్లవుతుందంది. తర్వాత నా వైపు ఓ చూపు చూసింది.

ఊలు మేజోళ్ళు సంచి అడుగున పెట్టాను.

నీ మీద బెంగతో,
తాయా

లెనిన్‌గ్రాడ్
ఫిబ్రవరి 21

నా బంగారు తాయ్కా,

ముందు కూర్చో, తర్వాత చదువు. నాకు బాయిలర్‌లో బొగ్గు వేసే పని దొరికింది. ఇక్కడ బొగ్గు వేసేవాళ్ళంతా గిటారు వాయించేవాళ్ళే! వాళ్ళ చేతుల్లో పడి, ఒకరి దగ్గర ఒకరు కాపీ చేసుకుని, క్లబ్బు పెద్దలు వినకముందే మన టేపు ఊరంతా పాకింది. మూర్మాన్‌స్క్ ఓడల్లో కూడా మోగుతోందట.

మొన్న ఒకరి ఫ్లాటులో పాడాం. నలభై మంది, నేల మీదే కూర్చున్నారు. మూడో పాట మధ్యలో ఊపిరి కోసం ఆగాను. నలభై మందీ ఒక్కసారిగా ఆ ఈల అందుకున్నారు! నాకు తర్వాతి చరణం గుర్తురాలేదు. ఆ ఈల ఎలా తోచిందని ఒకామె అడిగితే, మన డ్రమ్ముల ల్యోవా, "తిండి మానేసి ఆలోచించాడండీ" అన్నాడు.

మార్చి 17న పెద్ద కచేరీ. అందులో నెగ్గితే క్లబ్బులో చోటు, లేకపోతే ఫ్యాక్టరీ. నీ మీద అరిచినందుకు సిగ్గుగా ఉంది. కెటిల్‌కి నా దండాలు చెప్పు.

ముద్దులతో,
నీ గ్లెబ్

చెరెపోవెత్స్
ఫిబ్రవరి 28

ప్రియమైన గ్లెబ్‌కి,

నీ ఉత్తరం అత్తయ్యకు రెండుసార్లు చదివి వినిపించాను. ఈల దగ్గరికి వచ్చేసరికి ముఖం కాగితం చాటుకు పెట్టుకున్నాను. అలా ఎర్రబడ్డావేమని ఆవిడ అడిగితే పొయ్యి వేడి అన్నాను. కచేరీలో ఆ పాట వదిలేయకూడదా? నీకు మంచి పాటలు ఇంకా ఉన్నాయి కదా.

ఎప్పటికీ నీ
తాయా

లెనిన్‌గ్రాడ్
మార్చి 8

తాయ్కా, నా ప్రాణమా,

వదిలేయడమా! జనం వచ్చేదే ఆ పాట కోసం. పదకొండు కెటిళ్ళు తెచ్చి మరిగించాం. అన్నీ ఒకే కేక పెడతాయి. మనది అలా కాదు. పైకి ఎక్కుతుంది, చివర్లో విరుగుతుంది, ఎవరినో వెనక్కి పిలిచినట్టు ఉంటుంది. ల్యోవా చెయ్యి కాల్చుకున్నాడు. నోటితో వేసి చూశాడు, వీధి కుక్కలు వచ్చాయి.

రైలు కండక్టరు క్లావాతో మన కెటిల్ పంపించు. 16వ తేదీ శుక్రవారం ఉదయం ఏడో పెట్టె దగ్గర ఉంటాను. నా బతుకు ఇప్పుడు దాని ముక్కులో ఉంది.

తొందరలో,
నీ గ్లెబ్

చెరెపోవెత్స్
మార్చి 15

ప్రియమైన గ్లెబ్‌కి,

కెటిల్ రావడం లేదు. దాని ముక్కుకు పెట్టే ఈల మూత కొత్త సంవత్సరం నాడే పోయింది. నువ్వెప్పుడైనా టీ పెట్టుకుంటేగా తెలిసేది.

ఆ రోజు ఈల వేసింది నేను. మా నాన్న పావురాలు పెంచేవాడు కదా. వాటిని ఆకాశంలోకి లేపి, మళ్ళీ ఇంటికి పిలవడానికి ఆయన నేర్పిన ఈల అది. నీ పాట వింటుంటే నా పెదవులు వాటంతటవే అందుకున్నాయి. నువ్వు గదిలోంచి ఏమిటా చప్పుడని అరిచావు. అత్తయ్య సంచులతో అప్పుడే గుమ్మంలోకి వచ్చింది. భయంతో నా నోటికి కెటిల్ అని వచ్చింది.

ఇవాళ ఆవిడకు చెప్పేశాను. బంగాళాదుంపల తొక్క తీస్తూ తల కూడా ఎత్తలేదు. "మూత లేని కెటిల్ ఎలా కూసిందని నేనడిగానా?" అంది. ఇల్లు గుల్లవుతుందని భయపడ్డానన్నాను. "స్టేజీ మన ఇల్లు కాదుగా. అక్కడ ఎంత కావాలంటే అంత వెయ్యవే" అంది. ఆ తర్వాత తన మంచి శాలువా తెచ్చి నా తలకు కట్టింది.

జనం ముందు నిలబడలేను. ల్యోవా డ్రమ్ముల వెనక ఒక స్టూలు వేయించు. కళ్ళు మూసుకుంటాను. నేను వణుకుతాను గానీ నా ఈల వణకదు.

ఈ ఉత్తరం నీకు క్లావా ఇస్తుంది. చదవడం అయ్యాక ఏడో పెట్టె కిటికీ వైపు చూడు.

నీ కెటిల్,
తాయా