పదహారు పాయింట్ ఎనిమిది

కైబారియెన్,
14 ఏప్రిల్ 2025, సోమవారం ఉదయం.

ఎవెరార్దోకి,

నీ చేతి మీది కాలిన పుండు మానిందని విన్నాను, సంతోషం. మీ నాన్న ఎలీహియో బాబాయి నిన్న ఎదురుగానే కనిపించాడు కాబట్టి ఆయన క్షేమం అడగను. ఇక నా సంగతంటావా, నువ్వు మూయించాలనుకున్న నా బ్యాటరీ కొట్టు తెరిచే ఉంది. మూడు వీధుల దూరానికి ఉత్తరమేమిటని నవ్వుకోకు. ఎనిమిది నెలలుగా నన్ను చూడగానే రోడ్డు దాటి అవతలి పక్కకు పోయే మనిషితో ఇంకెలా మాట్లాడాలి?

నిన్న మా బ్లాకు మీటింగుకి నువ్వు రాలేదు. నీ కాగితం మాత్రం వచ్చింది, ఇరవై మూడు సంతకాలతో. బ్లాకు పెద్ద సొరైదా కళ్లజోడు సర్దుకుని అందరి ముందూ చదివింది: జనం కాపురముండే ఇళ్ల మధ్య లిథియం బ్యాటరీలు ఛార్జి చేయడం వెంటనే ఆపించాలట. అందులో నా పేరు లేదు. ఈ చుట్టుపక్కల ఆ పని చేసేది నేనొక్కదాన్నే అయినప్పుడు పేరెందుకు? కానీ ఎవెరార్దో, ఆసుపత్రి యంత్రాల మరమ్మతు గదిలో పదకొండేళ్లు ఒకే బల్లకి అటూ ఇటూ కూర్చున్నాం. పేరు పెట్టి తిట్టే పాటి చనువు కూడా మిగల్లేదా మన మధ్య?

ఆగస్టులో మీ వంటిల్లు కాలిన రోజు నుంచీ నువ్వు ఊరంతా చెబుతున్నది ఒక్కటే మాట: "ఓస్మారా కట్టిచ్చిన బ్యాటరీ చెడ్డది." నేను చెబుతున్నదీ ఒక్కటే మాట: ఆ బ్యాటరీ మంచిది. పాత లాప్‌టాప్‌ల నుంచి తీసిన సెల్లుల్ని ఒక్కొక్కటీ నింపి, ఖాళీ చేసి, మళ్లీ నింపి, నెల రోజులు పక్కన పెట్టి చూశాను. వాడకుండానే ఛార్జి కొంచెం జారిపోయిన ప్రతి సెల్లునూ పారేశాను. మిగిలినవాటితో కట్టాను నీకు. మోతాదు దాటితే ఛార్జిని తనే ఆపేసే రక్షణ బోర్డు ఎక్కడా దొరకలేదని దాచకుండా చెప్పాను కూడా. అందుకే దాని మీద టేపు అంటించి, నా చేత్తో రాశాను: "పదహారు పాయింట్ ఎనిమిది వోల్టులు. దాటొద్దు. ఎదురుగా కూర్చో." నువ్వు సరిగ్గా పదహారు పాయింట్ ఎనిమిదే పెట్టానని ఒట్టు వేశావు. నేను నమ్మాను. ఇప్పటికీ నమ్ముతున్నాను. నువ్వే నన్ను నమ్మలేదు.

సరే, నిన్నటి సంగతి విను.

కాగితం చదవడం అయ్యాక సొరైదా నా వైపు చూసి, "ఏమంటావే ఓస్మారా? మూసేస్తావా?" అంది.

"మూయను," అన్నాను.

జనంలో గొణుగుడు మొదలైంది. మంగలి తీతో సంగతి నీకు తెలుసుగా, ఊరుకోడు. "నువ్వు మూయకపోతే మా కొంపలే మూతబడతాయి తల్లీ!" అన్నాడు. అందరూ నవ్వారు. నాకు నవ్వు రాలేదు. రెగ్లా అక్క కూడా అక్కడే ఉంది, గోడకి ఆనుకుని, ఎప్పటిలాగే ఛాతీ మీద చెయ్యి వేసుకుని. రోజుకి పదహారు గంటలు కరెంటు లేని ఊళ్లో ఆమె ఉబ్బసం మిషను దేనితో నడుస్తోందో తీతోని అడిగాను. జవాబు రెగ్లా అక్కే చెప్పింది. "ఆ బ్యాటరీ లేకపోతే జనవరిలోనే నన్ను మోసుకెళ్లేవాళ్లురా. నీ కత్తెరకేం, కరెంటు అక్కర్లేదు," అంది, ఒక్కో మాటకీ ఊపిరి తీసుకుంటూ.

అప్పుడే వీధి ఆ చివర నుంచి కేకలు: "వచ్చింది! వచ్చింది!" కరెంటు వచ్చింది. మామూలుగా అయితే మీటింగు అక్కడితో సరి, ఎవరి మోటారు దగ్గరికి వాళ్లు పరుగు. నేను సొరైదాతో అన్నాను: "వాళ్లని ఆపు. భయం నిజమే, కాదనను. కానీ చూడకుండా భయపడటం వేరు, చూసి భయపడటం వేరు. నా బల్ల వీధిలోకి తెస్తాను. అందరూ చూడండి. ఒక్క నిప్పురవ్వ వచ్చినా నా చేత్తోనే తలుపుకి మేకులు కొడతాను."

తెచ్చాను ఎవెరార్దో. బల్లని నడివీధిలో పెట్టాను. పవర్ సప్లైకి తీగ మా కిటికీలోంచి లాగాను. రెగ్లా అక్క బ్యాటరీనే తెప్పించి, గచ్చు పలక మీద పెట్టి, పక్కన ఇసుక బకెట్టు పెట్టుకున్నాను. "కాఫీ కూడా దాని మీదే కాస్తావా?" అన్నాడు తీతో. "నీకైతే కాస్తా, కూర్చో," అన్నాను. పాపం, కూర్చున్నాడు.

ముందు సెల్లులు కొలిచాను. నాలుగు వరసలూ సమానంగా ఉన్నాయి, ఏదీ మూడు వోల్టులకి దిగలేదు. దిగినదాన్ని ఉన్నపళాన దబదబా నింపకూడదని చెప్పాను. అప్పుడు బ్యాటరీ తగిలించకుండానే సప్లై మీద వోల్టులు పెట్టాను: సెల్లుకి నాలుగు పాయింట్ రెండు చొప్పున, నాలుగింటికి పదహారు పాయింట్ ఎనిమిది. సప్లై అద్దంలో కనిపించే అంకెని నమ్మకుండా మీటరుతో విడిగా కొలిచాను. అద్దం కొంచెం అబద్ధం చెబుతోంది, సరిచేశాను. తర్వాత రెండు తీగలూ ఒకదానికొకటి తాకించి, కరెంటు రెండు ఆంపియర్లు దాటకుండా కట్టేశాను. ఇవన్నీ అయ్యాకే ఎర్రది ఎర్రదానికి, నల్లది నల్లదానికి. ఈ వరస నాకు నేర్పింది ఎవరో వాళ్లకి చెప్పాను. నీ పేరు పెట్టి చెప్పాను. నాకు ఆ ధైర్యం ఉంది.

ఆ తర్వాత రెండున్నర గంటలు కుర్చీలోంచి కదల్లేదు. పావుగంటకోసారి నాలుగు వరసలూ కొలిచాను, బ్యాటరీ మీద అరచెయ్యి పెట్టి చూశాను. ఎండకి నా మెడ కాలింది గానీ బ్యాటరీ గోరువెచ్చన కూడా కాలేదు. జనం తగ్గారు, మళ్లీ పెరిగారు. సొరైదా నా నెత్తిన గొడుగు పట్టింది. ఎవరో జామపండు హల్వా ముక్క పెట్టిన రొట్టె తెచ్చారు. కొట్టు మూయించడానికి వచ్చినవాళ్లే నాకు తిండి పెట్టారు, చూశావా మన ఊరు!

ఆఖర్న వోల్టులు పదహారు పాయింట్ ఎనిమిది దగ్గర నిలబడ్డాయి. ఆంపియర్లు దిగడం మొదలుపెట్టాయి. రెండు ఉన్నది ఒకటిన్నర, ఒకటి, అర. అప్పటిదాకా వెనక నిలబడ్డ మీ నాన్న ముందుకొచ్చాడు. "అమ్మాయీ, అది పడిపోతోందే, ఏదైనా చెయ్యవా?" అని అడిగాడు. "ఏమీ చెయ్యకూడదు బాబాయీ, పడిపోవాలి. పడితేనే నిండినట్టు," అన్నాను. ఆయనకి కాఫీ ఇస్తే తీసుకోలేదు. ఎప్పుడు వెళ్లిపోయాడో కూడా చూడలేదు నేను.

పావు ఆంపియరుకి దిగగానే తీగలు పీకేశాను. నిండింది కదా అని దాన్ని అలాగే తగిలించి ఉంచకూడదని కూడా చెప్పాను. రెగ్లా అక్క బ్యాటరీని చంకలో పెట్టుకుని వెళ్లిపోయింది. సొరైదా నీ కాగితం తీసి, "ఇంకా దీని మీద ఉండేవాళ్లు ఎవరు?" అంది. పదిహేను మంది అక్కడికక్కడే తమ సంతకం కొట్టేశారు. తీతో రెండుసార్లు కొట్టేశాడు, మొదటిసారి సరిగ్గా కనబడలేదట. ఇంకా ఎనిమిది ఉన్నాయి, అందులో ఒకటి నీది. వాటి మీద వచ్చే ఆదివారం మళ్లీ మాట్లాడతారట.

మాట్లాడుకోనీ. ఒకటి గుర్తుంచుకో. ఎనిమిది కాదు, ఎనభై సంతకాలు తెచ్చినా నేను మూయను. ఊరికి కరెంటు రాని రోజుల్లో ఊపిరిని డబ్బాలో పెట్టి ఇవ్వడం నాకు తెలిసిన పని. తెలియనివాళ్లు చేస్తే ఇళ్లు కాలతాయి కాబట్టే తెలిసిన నేను మానను. చెడ్డ బ్యాటరీ కట్టానన్న మాట ఒప్పుకుని క్షమాపణ చెబితే గొడవ సర్దుకుంటుందని నువ్వు కబురు పెట్టావు చూడు, దానికి జవాబు ఇదే. చెప్పను. చెయ్యని తప్పుకి తల వంచితే రేపు నేను కట్టే ఏ బ్యాటరీనీ ఎవరూ నమ్మరు, నేను కూడా.

నీ వంటిల్లు కాలినందుకు నాకెంత బాధో నీకు తెలీదు. నీ చెయ్యి కాలిందని తెలిసి పరుగెత్తుకొచ్చాను, నువ్వు తలుపు తియ్యలేదు. ఆ తలుపు దగ్గర ఎంతసేపు నిలబడ్డానో అడగకు.

ఇప్పటికీ నీ స్నేహితురాలే, నీకు ఇష్టం ఉన్నా లేకపోయినా,
ఓస్మారా

తాజా కలం: కవరు అంటించి పెట్టాక తలుపు చప్పుడైంది. ఎలీహియో బాబాయి. రాత్రంతా నిద్రపోలేదని మొహమే చెబుతోంది. కుర్చీ చూపించినా కూర్చోలేదు. కవరు చింపి ఇది రాస్తున్నాను, ఆయన పక్కనే నిలబడి ఉన్నాడు.

ఆ రోజు నువ్వు నీ సప్లైకి బ్యాటరీ తగిలించి రొట్టెల క్యూలో నిలబడటానికి వెళ్లావట. కాపలా ఉంటానని ఆయనే అన్నాడట. కాసేపటికి ఆంపియర్లు దిగడం మొదలయ్యాయి. కరెంటు ఉండేది ఇంకో గంట, ఈలోగా అది చచ్చిపోతోందని ఆయన కంగారుపడ్డాడు. "నలభై ఒక్క ఏళ్లు చక్కెర మిల్లులో బాయిలరు ముందు బతికినోణ్ణమ్మా. ఆవిరి పడిపోతుంటే ఏం చేస్తాం? వాల్వు తిప్పుతాం. అదే తిప్పాను," అన్నాడు. వోల్టుల మీట తిప్పగానే వోల్టులు నేను టేపు మీద రాసిన అంకె దాటాయి, ఆంపియర్లు మళ్లీ రెండుకి ఎక్కాయి. తృప్తిగా పెరట్లో కోళ్ల దగ్గరికి వెళ్లాడు. పొగ వాసన అక్కడికే వచ్చింది. నిన్న నేను "పడిపోవాలి" అనేదాకా తను చేసింది తప్పని ఆయనకి తెలీదు. "వాడికి చెప్పడానికి నోరు రావట్లేదు, నువ్వు రాయి," అన్నాడు.

రాశాను. పైన రాసినదాంట్లో ఒక్క మాట కూడా కొట్టెయ్యను. నా బ్యాటరీ మంచిది, నువ్వు పెట్టిన వోల్టులు సరైనవి, ఇద్దరం నిజమే చెప్పి ఎనిమిది నెలలు ఒకరి మొహం ఒకరం చూసుకోలేదు. దీన్ని నేను బ్లాకులో చదవను. ఆదివారం వచ్చి నీ సంతకం నువ్వే కొట్టెయ్. కానీ ఎవెరార్దో, మీట ఎవరు తిప్పినా, ఎదురుగా కూర్చోమన్న చోటు నుంచి లేచి వెళ్లింది నువ్వు. అది మాత్రం పెద్దాయన మీదికి నెట్టకు.

కింద రెండు ముక్కలు తనే రాస్తానంటున్నాడు. కలం ఇస్తున్నాను.

ఒరే, తిప్పింది నేనేరా. ఇంటికి రావడానికి భయమేసి ఓస్మారా ఇంట్లోనే ఉన్నాను. వచ్చి తీసుకెళ్లు.
— నాన్న