కరిగే దారం, మొద్దుబారిన వేళ్లు

జూలై 9, 2007 – ఖమ్మం దవాఖానా

రేపు ఆపరేషన్. పెద్దపేగులో గడ్డ. క్యాన్సర్ అని డాక్టరమ్మ దాచకుండా చెప్పింది. మా ఆయన కిటికీ వైపు తిరిగాడు. నేను మాత్రం అడిగాను.

"గడ్డ తీసేస్తరు సరే మేడం, రెండు కొసలు ఎట్ల కలుపుతరు?"

"కుడతాం."

"ఏ దారంతోని?"

నవ్వింది. టైలర్ని అని చెబితే కాగితం మీద పేగు బొమ్మ గీసి చూపింది. ఆ దారం కొన్నాళ్లకు లోపలే కరిగిపోతుందట. కరిగే దారం! ఇన్నేళ్ల కుట్టుపనిలో ఎన్నడూ వినలేదు.

జూలై 13

నొప్పి. దగ్గితే కడుపుకు దిండు అదుముకోవాలి. నర్సు వచ్చినప్పుడల్లా ఒకటే ప్రశ్న – "గాలి పోయిందా?"

జూలై 14

పోయింది. పేగు పని మొదలుపెట్టిందట. ఆయన వార్డంతా వినేలా, "సిస్టర్! పోయింది!" నాకు సిగ్గు... కుట్లు లాగేలా నవ్వు.

ఆగస్టు 2

రిపోర్టు వచ్చింది. గడ్డ పూర్తిగా తీశారు. కానీ పేగు పక్కన గింజల్లాంటి గ్రంథుల్లో కొన్నింటికి పాకింది. ఇక కీమో.

"కోసి తీసేసిండ్రు గదా, మళ్ల మందెందుకు?" ఆయనకు కోపం.

"కంటికి కనబడనివి ఎక్కడైనా మిగిలి ఉండొచ్చు," అంది డాక్టరమ్మ.

"ఉన్నయో లేవో ఎట్ల తెలుస్తది మేడం?" అన్నాను.

"తెలియదమ్మా."

ఇంటికి పోతూ, ఇల్లందు బస్సులో కారేపల్లి దాకా అదే ఆలోచన. ఉందో లేదో తెలియని దానికి మందు.

ఆగస్టు 27

మొదటి కీమో. చుక్క... చుక్క. పక్క మంచం మీద పినపాక నుంచి వచ్చిన లచ్చయ్య పెద్దాయన. ఆయనకూ పేగే.

"బిడ్డా, ఏది మంచిదో ఏది చెడ్డదో ఈ మందుకెట్ల ఎరుక?"

నర్సును అడిగాను. మందుకు తెలియదట. జల్దీ పెరిగేవాటన్నింటినీ, నోటి లోపలి పొరనైనా సరే, కొడుతుందట.

"గట్లనా! గందుకే నా నోరంత పుండ్లయినయి," అన్నాడు లచ్చయ్య.

ఆగస్టు 28

కుండనీళ్లు తాగాను. గొంతులో ముళ్లు! ఈ మందుతో చల్లనిది తగిలితే ఇట్లా గుచ్చుతుందని ముందే చెప్పారు, నమ్మలేదు. నిజమో కాదోనని ఇంకో గుక్క. మళ్లీ ముళ్లు.

"నీకేమన్న పిచ్చా?" ఆయన చెంబు లాక్కున్నాడు.

డిసెంబర్ 18

గుండీ కుడుతుంటే జాకెట్టు మీద రక్తపు చుక్క. సూది దిగినట్టే తెలియలేదు. వేళ్ల కొసలు మొద్దు.

జనవరి 11, 2008

కీమో మందుల్లో వేళ్లను చంపుతున్న ఒక్కదాన్ని ఆపి, మిగతాది కొనసాగించవచ్చంది డాక్టరమ్మ.

"ఆపితే?"

"మేలు కొంత తగ్గొచ్చు. నీ ఒక్కదాని విషయంలో ఎంతో చెప్పలేను."

"ఆపకపోతే?"

"మొద్దు ఇంకా పెరగొచ్చు. మందు అయిపోయాక కొందరికి స్పర్శ తిరిగొస్తుంది. కొందరికి రాదు."

బయటికొచ్చాక ఆయన – "పానం ఉంటే సాలు. మిషన్ అమ్మేద్దాం."

"అమ్ముడేంది? నా శేతులు గవి!" అరిచేశాను.

జనవరి 13

ఆ మందు ఆపాలో వద్దో రేపు చెప్పాలి. సాయంత్రం గుడ్డముక్కల సంచి ముందేసుకుని కళ్లు మూసుకున్నాను. ఇది నూలు. ఇది పట్టు. మూడోది... బొటనవేలితో రుద్దాను, తెలియలేదు. చెంపకు ఆనించాను. చెంపకు తెలిసింది.

అదే ముక్కను వేళ్లకు మళ్లీ ఇచ్చి చూస్తున్నాను.